చారిజార్డ్‌ను కాదు, లాప్రస్‌ను పెంచు

ప్రశ్న: పోకెమాన్ ఫైర్‌రెడ్ ఆడుతున్నాను. చారిజార్డ్ 64వ లెవెల్లో ఉంది, మిగతావన్నీ 40 లోపే. లాప్రస్, జోల్టియన్ రెండూ బాక్సులో (వాడని పోకెమాన్లను దాచే చోట) ఉన్నాయి. ఎలీట్ ఫోర్‌లో, అంటే గేమ్ చివర్లో వరుసగా ఎదురయ్యే నలుగురు గట్టి ట్రైనర్లలో, నాలుగోవాడు లాన్స్ దాకా వెళ్తున్నాను, అక్కడే ఏడుసార్లు ఓడిపోయాను. చారిజార్డ్‌ను 75కి తీసుకెళ్తే సరిపోతుందా? చెన్నైలో ఇంజినీరింగ్ రెండో సంవత్సరం చదువుతున్నాను. హాస్టల్లో ఈ గేమ్ తెలిసినవాళ్లు ఎవరూ లేరు.

జవాబు:

తమ్ముడూ, 75 దాకా వెళ్లక్కర్లేదు. అంత పెంచితే గెలవొచ్చు, కాదనను. కానీ దానికి పట్టే టైంలో సగం బాక్సులో ఉన్న లాప్రస్ మీద పెట్టు. ఇప్పుడు నిన్ను ఏడిపిస్తున్న లాన్స్ గదే నాలుగింటిలోకీ తేలికైన గది అవుతుంది. రెండో సంవత్సరం అన్నావు, నేను మీ అక్క వయసుదాన్ని, అందుకే నువ్వు అని రాస్తున్నాను. నేనూ చెన్నైలోనే ఉంటాను, వేలచేరిలో.

నువ్వు చేసిన పొరపాటే నేనూ చేశాను కాబట్టి ఇంత నమ్మకంగా చెబుతున్నాను. 2015లో మా చిన్నోడు, అంటే మా తమ్ముడు, రిచీ స్ట్రీట్‌లో సెకండ్ హ్యాండ్ గేమ్‌బాయ్ అడ్వాన్స్ ఎస్‌పీ కొన్నాడు. మడిచి జేబులో పెట్టుకునే రకం. ఫైర్‌రెడ్ 2004లో వచ్చిన గేమ్, 1996 నాటి మొదటి పోకెమాన్ కథనే మళ్లీ కొత్తగా చేశారు. ఆఫీసు నుంచి వచ్చాక రోజూ గంటసేపు నేను ఆడేదాన్ని. మొదట్నుంచీ నా వెంట ఉంది చారిజార్డ్ కదా, ఆ ప్రేమ కొద్దీ ప్రతి పోరాటానికీ దాన్నే దింపాను. 66వ లెవెల్ వచ్చింది. లాన్స్ దగ్గర నాలుగుసార్లు ఓడిపోయాను.

ఎందుకు ఓడిపోతామో ఒకసారి చూడు. ప్రతి పోకెమాన్‌కీ నిప్పు, నీరు, మంచు లాంటి టైపు ఒకటో రెండో ఉంటాయి, చారిజార్డ్ దెబ్బ నిప్పుది. డ్రాగన్ టైపు మీద నిప్పు సగమే పనిచేస్తుంది. లాన్స్ దగ్గరున్న ఐదింటిలో మూడు డ్రాగన్లు, అంటే రెండు డ్రాగొనేర్లు, ఒక డ్రాగొనైట్. గ్యారడోస్ నీటిది, దానికీ నిప్పు ఆనదు. ఇక ఏరోడాక్టిల్ రాతి టైపు. చారిజార్డ్ నిప్పూ, రెక్కలూ రెండూ ఉన్నది, ఆ రెండింటికీ రాయి పడదు. అందుకే రాతి దెబ్బ దానికి నాలుగింతలు తగులుతుంది. 75వ లెవెల్ వచ్చినా ఈ లెక్క మారదు.

అదే డ్రాగొనైట్‌కి మంచు తగిలితే నాలుగింతలు. లాప్రస్ 31వ లెవెల్లో ఐస్ బీమ్ అనే మంచు దెబ్బ దానంతట అదే నేర్చుకుంటుంది, దానికి డబ్బు కూడా ఖర్చు కాదు. సిల్ఫ్ కంపెనీ బిల్డింగ్‌లో ఉచితంగా ఇచ్చే పోకెమాన్ కాబట్టి చాలామంది దాన్ని తీసుకుని బాక్సులో పడేసి మర్చిపోతారు. ఈ గేమ్‌లో అంత విలువైన బహుమతి ఇంకోటి లేదని నా అభిప్రాయం.

ముందు దాన్ని 50 దాటించు. రూట్ 15 గేటులో ప్రొఫెసర్ ఓక్ అసిస్టెంట్ ఉంటాడు, 50 రకాల పోకెమాన్లను పట్టినవాళ్లకి ఎక్స్‌పీ షేర్ ఇస్తాడు. అది లాప్రస్ చేతికిచ్చి, ముందు చారిజార్డ్‌ను పెట్టి విక్టరీ రోడ్‌లో తిరుగు. చారిజార్డ్ కొట్టిన ప్రతిసారీ అనుభవంలో సగం లాప్రస్‌కి పోతుంది. వెర్మిలియన్‌లో ఇచ్చిన వీఎస్ సీకర్ ఉంటే ఒకసారి ఓడించిన ట్రైనర్లతోనే మళ్లీ ఆడొచ్చు, అది చార్జ్ కావడానికి 100 అడుగులు నడిస్తే చాలు. నాకు వారం పట్టింది. రోజుకి గంట చొప్పున ఆడితే నీకూ అంతే పట్టొచ్చు.

రెండోది జోల్టియన్. దానికి థండర్‌బోల్ట్ అనే కరెంటు దెబ్బ నేర్పించు. సెలడాన్ గేమ్ కార్నర్‌లో ఆ టీఎం, అంటే దెబ్బను నేర్పే వస్తువు, 4,000 కాయిన్లు. గేమ్‌లోని డబ్బుతో 50 కాయిన్లు 1,000 చొప్పున కొనాలి, అంటే మొత్తం 80,000. ఎక్కువే. అయితే రూట్ 16లోని అసిస్టెంట్ 40 రకాలకి అమ్యులెట్ కాయిన్ ఇస్తాడు. అది పట్టుకున్న పోకెమాన్ పోరాటంలోకి దిగితే వచ్చే డబ్బు రెట్టింపవుతుంది. దానితో వీఎస్ సీకర్ వాడుతూ పోతే లెవెలూ పెరుగుతుంది, డబ్బూ పోగవుతుంది. అంత ఓపిక లేకపోతే జిమ్ లీడర్ లెఫ్టినెంట్ సర్జ్ ఇచ్చిన షాక్ వేవ్ టీఎం నీ బ్యాగులో మిగిలి ఉందేమో చూడు. బలం తక్కువే కానీ గురి తప్పదు.

మూడోది, సైకిక్ టైపు ఏదైనా ఒకటి. నేను హిప్నోని వాడాను. రూట్ 11లో డ్రౌజీ దొరుకుతుంది. శాఫ్రన్‌లో మిస్టర్ సైకిక్ ఇచ్చే సైకిక్ టీఎం దానికే పెట్టాను. ఈ మూడూ 50కీ 55కీ మధ్య ఉంటే చాలు, చారిజార్డ్ ఎలాగూ 64లో ఉంది. మిగతా రెండు స్థానాల్లో నీకు నచ్చినవి పెట్టుకో.

ఇప్పుడు అసలు సంగతి. ఎలీట్ ఫోర్‌ను నాలుగు పోరాటాలుగా చూడకు. చాంపియన్‌తో కలిపి ఐదింటినీ ఒకే పోరాటం అనుకో. లోపలికి వెళ్లాక పోకెమాన్ సెంటర్ ఉండదు. ఓడితే మళ్లీ మొదటి గది నుంచే మొదలుపెట్టాలి. ఐస్ బీమ్‌కి ఉన్నది 10 పీపీ, అంటే 10 సార్లే వేయగలవు, థండర్‌బోల్ట్‌కి 15. పీపీ నింపే ఈథర్, ఎలిక్సర్ ఏ షాపులోనూ అమ్మరు, దారిలో దొరికినవే దిక్కు. అందుకని దొరికిన ప్రతి ఈథర్‌నీ ఈ రోజు కోసమే దాచు. షాపులో హెచ్‌పీ (ప్రాణం) నింపే ఫుల్ రిస్టోర్ 3,000, పడిపోయినదాన్ని లేపే రివైవ్ 1,500, నిద్ర, విషం లాంటివి పోగొట్టే ఫుల్ హీల్ 600. నేను ఫుల్ రిస్టోర్లు 10, రివైవ్‌లు 15, ఫుల్ హీల్‌లు 10 కొన్నాను. మొత్తం 58,500 అయింది. చివరికి రివైవ్‌లే ఎక్కువ పనికొచ్చాయి.

ఆప్షన్స్‌లో బ్యాటిల్ స్టైల్ 'షిఫ్ట్' అని ఉందో లేదో చూసుకో. అలా ఉంటే అవతలివాళ్ల పోకెమాన్ పడిపోయినప్పుడల్లా తర్వాత ఏది దిగుతుందో పేరుతో సహా చెప్పి, నీది మారుస్తావా అని అడుగుతుంది. అక్కడ మారిస్తే ఒక్క దెబ్బ కూడా తగలదు. ఆ ప్రశ్న వచ్చినప్పుడు తొందరపడి బటన్ నొక్కేయకు. నా ఓటముల్లో రెండు ఆ తొందరవల్లే జరిగాయి.

లొరెలై దగ్గర లెవెళ్లు 51 నుంచి 54. ఐదింటిలో నాలుగు నీటివి, జోల్టియన్ చూసుకుంటుంది. జింక్స్ ఒక్కటే వేరు. అది లవ్లీ కిస్‌తో నిద్రపుచ్చుతుంది, దాని పేరు కనపడగానే చారిజార్డ్‌ను దింపి ఫ్లేమ్‌త్రోయర్ వేయి. స్లోబ్రో యాన్ వేస్తే నీ పోకెమాన్ తర్వాతి టర్న్‌లో నిద్రపోతుంది, ఆలోపు మార్చేస్తే ఏమీ కాదు.

బ్రూనో గురించి పెద్దగా రాయను. రెండు ఆనిక్స్‌లకి లాప్రస్‌తో నీటి దెబ్బ సర్ఫ్, మిగతా ముగ్గురు ఫైటర్లకి హిప్నోతో సైకిక్. ఐస్ బీమ్ మాత్రం ఇక్కడ వాడకు, లాన్స్ కోసం దాచు.

అగాథా గదిలో నేను ఒక ప్రయాణం మొత్తం పోగొట్టుకున్నాను, అది చెప్పాలి. ఆమెవన్నీ విషపు టైపు, విషానికి నేల టైపు పడదని చార్టులో ఉంది. జిమ్ లీడర్ గియోవాని ఇచ్చిన ఎర్త్‌క్వేక్ అనే నేల దెబ్బను డగ్‌ట్రియోకి నేర్పించి ధైర్యంగా దిగాను. గెంగార్ మీద వేస్తే ఏమీ కాలేదు. ఇంకోసారి వేశాను, మళ్లీ అంతే. తర్వాత మా చిన్నోడు చూపించాడు. ఈ తరం గేమ్‌ల నుంచి ప్రతి పోకెమాన్‌కీ ఒక ఎబిలిటీ ఉంటుంది. గెంగార్, హాంటర్‌లది లెవిటేట్, అంటే గాల్లో తేలుతూ ఉంటాయి, నేల దెబ్బ వాటిని తాకదు. 1996 గేమ్‌లో ఈ ఎబిలిటీలే లేవు, అప్పుడు ఎర్త్‌క్వేక్ తగిలేది. పాత గేమ్ కోసం రాసిన చిట్కాలు చదివి ఆడితే ఇలాగే దెబ్బతింటాం. అగాథా ఐదింటి మీదా సైకిక్ రెట్టింపు పనిచేస్తుంది. కాకపోతే దెయ్యం దెబ్బలు హిప్నోకి కూడా రెట్టింపు తగులుతాయి, హెచ్‌పీ సగానికి రాగానే ఫుల్ రిస్టోర్ వాడు, ఆలస్యం చేయకు. అన్నట్టు స్నార్‌లాక్స్ ఉంటే ఇక్కడ తోడు తెచ్చుకో, నార్మల్ టైపు మీద దెయ్యం దెబ్బలు అసలు పడవు.

అన్ని గదుల్లోనూ పనికొచ్చే మాట ఇంకోటి. అవతలివాళ్ల దగ్గరా ఫుల్ రిస్టోర్లు ఉంటాయి. హెచ్‌పీ గీత ఎర్రగా మారిందంటే వాడేస్తారు. అప్పటిదాకా కొట్టిందంతా పోయినట్టే. కాబట్టి ఇంకో చిన్న దెబ్బకి పడిపోతుందిలే అని చిన్నగా కొట్టకు. గీత పసుపులో ఉండగానే నీ దగ్గరున్న పెద్ద దెబ్బ వేసి ఒకేసారి పడగొట్టు.

ఇక లాన్స్. నేను అతన్ని గెలిచింది 2015 డిసెంబరు వరదల్లో. మా వీధిలో నీళ్లు మోకాళ్లు దాటాయి, మేం మొదటి అంతస్తులో ఉన్నాం. కరెంటు పోయి రెండో రోజు. నెల్లూరులో అమ్మావాళ్లకి ఫోన్ కలవట్లేదు, తర్వాత ఫోన్లే ఆఫ్ అయిపోయాయి. ఇంట్లో చార్జింగ్ ఉన్న వస్తువు ఆ గేమ్‌బాయ్ ఒక్కటే. కొవ్వొత్తి పక్కన నేను కూర్చున్నాను, మా చిన్నోడు నా భుజం మీదుగా చూస్తున్నాడు. కిందనుంచి నీళ్ల చప్పుడు వినిపిస్తూనే ఉంది. ఆ టెన్షన్ మర్చిపోవడానికే ఆడాం.

మొదట గ్యారడోస్ దిగింది, 56వ లెవెల్. నీరూ, రెక్కలూ రెండూ ఉన్నది కాబట్టి కరెంటు దానికి నాలుగింతలు, జోల్టియన్ థండర్‌బోల్ట్ ఒక్కటి సరిపోయింది. తర్వాత డ్రాగొనేర్ అని చూపించింది, లాప్రస్‌ను దింపాను. రెండూ ఒక్కో ఐస్ బీమ్‌తో పడ్డాయి. ఏరోడాక్టిల్ పేరు రాగానే మా చిన్నోడు "మార్చక్కా" అన్నాడు. లాప్రస్‌కి కూడా రాయి పడదు. మళ్లీ జోల్టియన్, మళ్లీ థండర్‌బోల్ట్, రెండు పట్టాయి. చివరికి డ్రాగొనైట్, 60వ లెవెల్. నా లాప్రస్ 53. అది హైపర్ బీమ్ వేసింది. లాప్రస్ గీత జర్రున దిగుతూ సగం దాటి పసుపులోకి వచ్చి ఆగింది. పడిపోలేదు. లాప్రస్‌కి హెచ్‌పీ అంత ఎక్కువ, ఈ పనికి అదే కావాలని చెప్పేది అందుకే. నేను వేసిన ఐస్ బీమ్‌కి డ్రాగొనైట్ గీత మొత్తం ఖాళీ అయింది. ఒకవేళ నీకు కొంచెం మిగిలినా భయపడకు, హైపర్ బీమ్ వేసిన పోకెమాన్ తర్వాతి టర్న్ కదలలేదు.

అప్పుడు చూస్తే గేమ్‌బాయ్ మీద పచ్చగా వెలిగే లైటు ఎర్రగా మారింది, చార్జింగ్ అయిపోవస్తోంది. లాన్స్ గదిలో నిలబడి అక్కడే సేవ్ చేసి ఆపేశాను. కరెంటు వచ్చాక అక్కడి నుంచే మొదలుపెట్టాం. గదికీ గదికీ మధ్య సేవ్ చేసుకోవచ్చు తమ్ముడూ, చాలామంది చేయరు. నువ్వు ప్రతి గది తర్వాతా చేయి.

చాంపియన్ నీ పాత పోటీదారే. నువ్వు చార్మాండర్‌ను తీసుకున్నావు కాబట్టి అతని దగ్గర బ్లాస్టాయిస్ ఉంటుంది, 63వ లెవెల్. దానికీ పిజియాట్‌కీ జోల్టియన్. రైడాన్ రాయీ నేలా రెండూ ఉన్నది, సర్ఫ్ నాలుగింతలు తగులుతుంది. దాని ముందుకి జోల్టియన్‌ను మాత్రం పంపకు, నేల టైపు మీద కరెంటు పనిచేయదు. ఎగ్జెగ్యుటర్ వస్తే నీ చారిజార్డ్‌కి ఎట్టకేలకు సరైన పని దొరుకుతుంది. ఆర్కనైన్‌కి సర్ఫ్. నన్ను బాగా ఇబ్బంది పెట్టింది అలకజామ్. వేగం ఎక్కువ, దెబ్బ గట్టిగా ఉంటుంది. కానీ దాని డిఫెన్స్ చాలా తక్కువ, స్నార్‌లాక్స్ లాంటిది బాడీ స్లామ్ వేస్తే నిలబడలేదు.

ఈ దారిలో ఒకటి రెండుసార్లు ఓడినా బాధపడకు. కొంత డబ్బు పోతుంది కానీ వచ్చిన అనుభవం ఎక్కడికీ పోదు, లెవెళ్లు అలాగే ఉంటాయి. ఈసారి లొరెలై తలుపు దగ్గరకి వెళ్లాక ఒక్క నిమిషం ఆగి లాప్రస్ సమ్మరీ తెరువు. ఐస్ బీమ్ ఎదురుగా 10కి 10 ఉంటేనే లోపలికి అడుగుపెట్టు.