గేజ్‌ని కాదు, కాటాని నమ్మండి: సీఓ2 సిలిండర్లపై మీ టెక్ సందేహాలు

ఈసారి మెయిల్స్‌లో ఫోన్లు, ల్యాప్‌టాప్‌ల కంటే కార్బన్ డయాక్సైడ్ (సీఓ2) సిలిండర్ల గురించే ఎక్కువ మంది అడిగారు. నీటి మొక్కలకి సీఓ2 అందించాల్సిన మొక్కల అక్వేరియం పెట్టుకున్నవాళ్లు, ఇంట్లో సోడా మెషీన్ వాడేవాళ్లు, గదిలో ఎయిర్ క్వాలిటీ మానిటర్ తగిలించుకున్నవాళ్లు... అందరి ప్రశ్నలూ చివరికి ఒకే గ్యాస్ దగ్గరికి వస్తున్నాయి కాబట్టి అన్నిటికీ కలిపి ఇక్కడే జవాబు ఇస్తున్నాను.

ప్రశ్న: అక్వేరియంకి 2 కిలోల సీఓ2 సిలిండర్ బిగించాను. నెలలు గడుస్తున్నా గేజ్ ముల్లు 57 బార్ (ప్రెషర్ కొలిచే యూనిట్) దగ్గరే ఉంది. నిన్న మధ్యాహ్నం చూస్తే 64 చూపించింది. వాడుతుంటే తగ్గాలి కదా, పెరగడమేంటి? గేజ్ పాడైందా?

గేజ్ బాగానే ఉంది. మీ ముల్లు చెప్తున్నది గది ఎంత వేడిగా ఉందో, అంతే. లోపల ఎంత సరుకు మిగిలిందో దానికి తెలియదు.

ఆక్సిజన్ సిలిండర్లో ఉన్నదంతా గ్యాసే కాబట్టి సగం వాడితే ప్రెషర్ కూడా దాదాపు సగానికి పడిపోతుంది. సీఓ2 అలా కాదు. వంటగ్యాస్ లాగే ఇది కూడా సిలిండర్లో అడుగున ద్రవంగా, పైన గ్యాస్‌గా ఉంటుంది. మీరు పైనుంచి కాస్త గ్యాస్ తీసుకోగానే కింద ద్రవం కాస్త ఆవిరై ఆ ఖాళీని నింపేస్తుంది, ప్రెషర్ మళ్లీ మామూలే. ఆ ప్రెషర్ ఎంత ఉండాలో తేల్చేది ఉష్ణోగ్రత ఒక్కటే: 0 డిగ్రీల దగ్గర సుమారు 35 బార్, 20 దగ్గర 57, 25 దగ్గర 64, 30 దగ్గర 72. పీఎస్‌ఐ గేజ్ ఉన్నవాళ్లు ఒక్కో బార్‌కి 14.5 చొప్పున లెక్కేసుకోండి. అంటే నిన్న మధ్యాహ్నం మీ గది 25 డిగ్రీలు అయ్యిందన్నమాట.

ముల్లు మరి ఎప్పుడు పడుతుంది? ద్రవం చివరి చుక్క దాకా ఆవిరైపోయాక. మామూలుగా నింపిన సిలిండర్‌కి 20 డిగ్రీల దగ్గర ఈ పరిస్థితి వచ్చేసరికి 70 శాతం పైనే వాడేసి ఉంటారు, మిగిలింది పావు వంతుకి కాస్త ఎక్కువ. అక్కడి నుంచి ముల్లు గబగబా దిగుతుంది. అందుకే చాలామంది "నిన్నటిదాకా ఫుల్‌గా ఉంది, ఇవాళ ఒక్కసారిగా అయిపోయింది" అంటుంటారు.

కాబట్టి కాటా వాడండి. సిలిండర్ భుజం మీద టీడబ్ల్యూ అనో టేర్ అనో అక్షరాలు కొట్టి పక్కన ఒక అంకె ఉంటుంది, అదే ఖాళీ బరువు. వాల్వ్ మూసి, రెగ్యులేటర్ విప్పి తూచండి. ఖాళీ బరువు 3.6 కిలోలు అని ఉండి కాటా 4.4 చూపిస్తే లోపల 800 గ్రాములు ఉన్నట్టు. ఇంతకుమించి నమ్మకమైన పద్ధతి లేదు. బ్లూటూత్ గేజ్‌లు, యాప్‌లు కొనాలా అని కూడా కొందరు అడిగారు. ప్రెషర్‌ని ఎంత అందంగా గ్రాఫ్ గీసి చూపించినా అది ప్రెషరే, డబ్బు దండగ.

అదే భుజం మీద ప్రెషర్ టెస్ట్ చేసిన నెల, సంవత్సరం కూడా కొట్టి ఉంటాయి. ఎన్నేళ్లకోసారి టెస్ట్ చేయించాలన్నది దేశాన్ని బట్టి మారుతుంది. గడువు దాటిన సిలిండర్‌ని నింపడానికి ఒప్పుకునే చోటికి అసలు వెళ్లకండి.

ప్రశ్న: ఎండలో పెడితే నిజంగా పేలుతుందా, లేక ఊరికే భయపెడతారా?

ఊరికే కాదు. 31.1 డిగ్రీలు దాటితే సీఓ2 ద్రవంగా ఉండలేదు, ఎంత నొక్కినా సరే. దీన్నే క్రిటికల్ టెంపరేచర్ అంటారు. అక్కడి నుంచి లోపలంతా ఒకే చిక్కటి పదార్థం, ప్రతి డిగ్రీకీ ప్రెషర్ బాగా పెరుగుతుంది. చాలాచోట్ల పాటించే పద్ధతి ప్రకారం సిలిండర్లో పట్టే నీళ్ల బరువులో 68 శాతం దాకానే సీఓ2 నింపుతారు. అలా సరిగ్గా నింపిన సిలిండర్ కూడా 50 డిగ్రీల దగ్గర సుమారు 140 బార్ చూపిస్తుంది. మంచి సిలిండర్ అంతవరకూ తట్టుకునేలానే తయారవుతుంది. చాలావాటికి వాల్వ్ మీద బర్స్ట్ డిస్క్ అనే పల్చటి రేకు ఉంటుంది, ప్రెషర్ హద్దు దాటితే ముందు అది చిరిగి గ్యాస్‌ని బయటికి వదిలేస్తుంది. సిలిండర్ ముక్కలవకుండా కాపాడేది ఆ రేకే. దాని నట్టు మీద పానా పెట్టొద్దు, అక్కడ లీకైనట్టు అనిపించినా మీరు బిగించొద్దు, నింపినవాళ్ల దగ్గరికే తీసుకెళ్లండి.

ప్రశ్న: సోడా మెషీన్ చిన్న సిలిండర్‌ని పెద్ద సిలిండర్ నుంచి నేనే నింపుకుంటున్నాను. చిన్నదాన్ని ఫ్రీజర్లో పెడితే ఇంకా ఎక్కువ పడుతోంది. మంచి ట్రిక్కే కదా?

దయచేసి ఆపండి. ఇవాళ్టి మెయిల్స్ అన్నిట్లో నాకు టెన్షన్ పెట్టింది ఇదే.

చల్లబడితే ఎక్కువ పట్టడం నిజమే, ప్రమాదం కూడా సరిగ్గా అక్కడే ఉంది. చల్లటి ద్రవం చిక్కగా ఉంటుంది, వేడెక్కితే బాగా ఉబ్బుతుంది. ఉబ్బడానికి పైన గ్యాస్ ఖాళీ ఉన్నంతవరకు ఫర్వాలేదు. ఆ ఖాళీ లేకుండా ద్రవంతో నిండిపోతే, ఆ తర్వాత పెరిగే ఒక్కో డిగ్రీకి ప్రెషర్ ఐదారు బార్ల చొప్పున ఎగబాకుతుంది, ఇంకా బిగువుగా నింపితే అంతకంటే ఎక్కువే. 10 డిగ్రీల దగ్గర నిండిపోయిన సిలిండర్ 50 డిగ్రీలకి వచ్చేసరికి దాదాపు 300 బార్‌కి చేరుతుంది. మీరు చేస్తున్నది ఫ్రీజర్ చలిలో, మైనస్ 18 దగ్గర. అంటే సిలిండర్ మీ వంటింటి బల్ల మీద మామూలు గది వేడికి వస్తుండగానే హద్దు దాటిపోవచ్చు. సోడా సిలిండర్ మీద రాసి ఉండే బరువు, ఎక్కువగా 400 గ్రాముల పైచిలుకు, అందుకే హద్దు. నింపేటప్పుడు కాటా మీదే ఉంచి, ఆ బరువు రాగానే ఆపి, ఎక్కువైతే వెంటనే బయట వదిలేసే పద్ధతీ పరికరాలూ ఉన్నవాళ్ల దగ్గరే నింపించుకోండి. ఇప్పటికే నింపినవి ఉంటే ఇప్పుడే తూచండి. బరువు ఎక్కువ చూపిస్తే ఇంటి లోపల ఉంచకండి, నింపే కేంద్రానికి ఫోన్ చేసి వాళ్లు చెప్పినట్టు చేయండి.

ప్రశ్న: పడకగదిలోనే సిలిండర్ ఉంది. కార్బన్ మోనాక్సైడ్ అలారం పెట్టుకున్నాను, ఎయిర్ మానిటర్ కూడా ఉంది. లీకైతే తెలుస్తుంది కదా?

అలారం మోగదు. కార్బన్ మోనాక్సైడ్ వేరు, కార్బన్ డయాక్సైడ్ వేరు. ఒకదాని సెన్సర్ రెండోదాన్ని పట్టుకోదు. సీఓ2కి వాసన లేదు, రంగు లేదు, గాలి కంటే ఒకటిన్నర రెట్లు బరువు. ముందు నేల వైపు చేరుతుంది, అంటే కింద పరుపు వేసుకుని పడుకున్నవాళ్లకీ, పాకే పిల్లలకీ, పెంపుడు జంతువులకీ ముందు తగులుతుంది.

లెక్క చూడండి. మూడు మీటర్ల పొడవు, మూడు మీటర్ల వెడల్పు, 2.7 మీటర్ల ఎత్తు ఉన్న గదిలో గాలి సుమారు 24 ఘనపు మీటర్లు. 2 కిలోల సీఓ2 పూర్తిగా బయటికొస్తే సుమారు 1,090 లీటర్ల గ్యాస్. తలుపులు మూసి ఉంటే గదిలో అది 4.5 శాతం, అంటే 45,000 పీపీఎమ్ (పది లక్షల భాగాల గాలిలో 45,000 భాగాలు). ఆరుబయట మామూలు గాలిలో ఉండేది 420 పైచిలుకు. అమెరికా వృత్తి భద్రత సంస్థ నియోష్ రోజుకి 10 గంటల దాకా పనికి పెట్టిన సగటు హద్దు 5,000, ప్రాణానికి తక్షణ ప్రమాదం అని గుర్తించిన స్థాయి 40,000. ఒక్క చిన్న సిలిండర్ మొత్తం ఖాళీ అయితే మీ పడకగది ఆ గీత దాటేస్తుంది.

ఆక్సిజన్ మీటర్ ఉంది కదా అని కొందరు ధైర్యంగా ఉంటారు. పై లెక్కలో ఆక్సిజన్ 20.9 నుంచి 20 శాతానికి మాత్రమే తగ్గుతుంది, 19.5 దగ్గర మోగాల్సిన మీటర్ చప్పుడు చేయదు. సీఓ2 ఊపిరాడకుండా చేయడమే కాదు, రక్తంలో ఆమ్లం పెంచి తానే నేరుగా దెబ్బతీస్తుంది. ముందు ఆయాసం, తలనొప్పి, మగత. 10 శాతం చేరితే కొద్ది నిమిషాల్లోనే స్పృహ పోతుంది. 1986 ఆగస్టు 21 రాత్రి కామెరూన్‌లో న్యోస్ సరస్సు అడుగు నుంచి పొంగిన సీఓ2 లోయల వెంట కిందికి పారి 1,700 మందికి పైగా ప్రాణాలు తీసింది.

ఇక మీ ఎయిర్ మానిటర్ సంగతి. స్పెసిఫికేషన్లలో ఎన్‌డీఐఆర్ అని ఉంటే అది ఇన్‌ఫ్రారెడ్ కాంతితో నిజంగా సీఓ2నే కొలుస్తుంది. ఈసీఓ2 అని ఉంటే అందులో ఉన్నది వేరే ఆవిర్లని పట్టే సెన్సర్, వాటిని బట్టి సీఓ2 ఇంత ఉండొచ్చని అంచనా వేస్తుంది. సిలిండర్ లీకైనా దానికి తెలియదు. ఎన్‌డీఐఆర్‌లో కూడా ఒక మెలిక ఉంది. చాలా ఇళ్ల మానిటర్లు కొన్ని రోజులకోసారి తాము చూసిన అతి తక్కువ రీడింగ్‌ని ఆరుబయటి గాలి, అంటే 400, అని అనుకుని తమను తాము సరిచేసుకుంటాయి. మీ గదిలో సన్నటి లీక్ రాత్రీ పగలూ సాగుతుంటే అది మెల్లగా ఆ లీక్‌నే మామూలు గాలిగా నేర్చుకుంటుంది. సెట్టింగ్స్‌లో ఆటో కాలిబ్రేషన్ ఆపి, నెలకోసారి ఆరుబయట పెట్టి మీరే సరిచేయండి. మానిటర్‌ని నేలకి దగ్గరగా ఉంచండి. ఇంకా మంచిది, సీఓ2కే చేసిన సేఫ్టీ అలారం కొనండి. అన్నిటికంటే మంచిది సిలిండర్‌ని పడకగది నుంచి తీసేయడం, ఇందులో బేరం లేదు. గ్యాస్ బుస్సుమని వచ్చేస్తుంటే వాల్వ్ కట్టేద్దామని వంగకండి, బయటికి వెళ్లి తలుపులు తెరవండి. గదిలో ఎవరైనా పడిపోయి కనిపిస్తే ఒంటరిగా లోపలికి పరిగెత్తకండి. రెండో ప్రాణం పోయేది అక్కడే.

ప్రశ్న: రెగ్యులేటర్ బిగించే చోట స్స్‌మని శబ్దం. టెఫ్లాన్ టేప్ చుట్టాలా?

వద్దు. అక్కడ గ్యాస్‌ని ఆపేది మర కాదు, మధ్యలో ఉండే వాషర్. వాల్వ్ కట్టేసి, విప్పి, కొత్త వాషర్ వేసి బిగించండి. సర్దుబాటు మరని పూర్తిగా వదులు చేసి, గేజ్‌కి ఎదురుగా కాకుండా పక్కన నిలబడి వాల్వ్ మెల్లగా తెరవండి. సబ్బునీళ్లు రాయండి, బుడగ వస్తే లీకే. నిప్పు పెట్టి చూడటం పనికిరాదు, ఇది మండే గ్యాస్ కాదు.

ప్రశ్న: సిలిండర్ ఖాళీ అయ్యే రోజుల్లోనే చేపలు చనిపోయాయి. యాదృచ్ఛికమా?

కాకపోవచ్చు. ప్రెషర్‌ని ఒకే దశలో తగ్గించే సింగిల్ స్టేజ్ రెగ్యులేటర్లలో లోపలి ప్రెషర్ పడిపోతున్నకొద్దీ బయటికిచ్చే ప్రెషర్ కాస్త పెరుగుతుంది. బుడగల వేగాన్ని సర్దే నీడిల్ వాల్వ్ కూడా నాసిరకం అయితే సెకనుకి ఒకటో రెండో రావాల్సిన బుడగలు ధారగా మారతాయి, చేపలు నీటిపైకొచ్చి నోరు తెరుస్తాయి. రెండు దశల్లో తగ్గించే డ్యూయల్ స్టేజ్ రెగ్యులేటర్‌లో ఈ సమస్య దాదాపు ఉండదు. అది లేకపోతే గేజ్ ముల్లు దిగడం మొదలైన రోజే సిలిండర్ మార్చేయండి. గేజ్ నిజంగా పనికొచ్చేది ఈ ఒక్క విషయంలో!

ప్రశ్న: నింపించడానికి కారులో పడుకోబెట్టి తీసుకెళ్లొచ్చా?

వీలైనంతవరకు నిలబెట్టే తీసుకెళ్లండి, దొర్లకుండా బెల్టుతో కట్టేయండి. రెగ్యులేటర్ విప్పేయండి, వాల్వ్ మీద మూత ఉంటే బిగించండి. వాల్వ్ విరిగితే సిలిండర్ ఎటు దూసుకెళ్తుందో ఎవరూ ఆపలేరు. కిటికీలు దించి నడపండి, దారిలో వేరే పని పెట్టుకోకండి, ఎండలో ఆపిన కారు లోపల 60 డిగ్రీలు దాటడం మామూలే. ఇంటికి తెచ్చాక కూడా నిలబెట్టి, గోడకో బల్లకో గొలుసు వేసి వాడండి. పడుకోబెట్టి వాడితే గ్యాస్‌కి బదులు ద్రవం రెగ్యులేటర్లోకి దూరి, మైనస్ 78 డిగ్రీల మంచుగా గడ్డకట్టి దాన్ని పాడుచేస్తుంది. అడుగుదాకా గొట్టం ఉండే సైఫన్ రకం సిలిండర్ నిలబెట్టినా ద్రవాన్నే ఇస్తుంది కాబట్టి, కొనేటప్పుడే "గొట్టం లేనిదేనా" అని అడిగి తీసుకోండి.