కువైట్‌లో బాగ్దాద్ టీవీ చూసిన రోజులు

మిలిటరీ నియంతలు టీవీని ఎట్లా వాడుకుంటారు, కళ్లారా చూసినవాళ్లు ఉన్నారా అని అడిగారు. నేను చూశాను. మాది కడప. 1990లో కువైట్‌లో ఒక అరబ్బు ఇంట్లో డ్రైవర్‌ని. ఇరాక్‌ను ఏలిన సద్దాం హుస్సేన్ నిజానికి సైన్యంలో పైకొచ్చినవాడు కాదు, పార్టీ మనిషి. అయినా టీవీలో ఎక్కువగా మిలిటరీ డ్రెస్సులోనే కనిపించేవాడు.

ఆగస్టు 2న ఇరాక్ సైన్యం వచ్చిపడింది. మా బాబా (ఇంటి యజమానిని అక్కడ అట్లాగే పిలుస్తాం) లోపలి గదిలో బీబీసీ అరబిక్ రేడియో సన్నగా పెట్టుకుని వినేవాడు. హాల్లో మాత్రం బాగ్దాద్ టీవీ, అంటే ఇరాక్ ప్రభుత్వ టీవీ, గట్టిగా మోగాలి. తనిఖీకొచ్చే సైనికులకు వినపడాలి కదా. ఇంట్లో ఒక్కరూ నమ్మేవాళ్లు లేరు, అయినా రోజంతా మోగేది.

కువైట్ యువకులే తిరుగుబాటు చేసి మమ్మల్ని సాయానికి పిలిచారన్నది ఆ టీవీ చెప్పిన మొదటి కథ. 4న 'అలా హుస్సేన్ అలీ' అనే పేరున్న ఆయన్ను పెట్టి ఒక ప్రభుత్వం అన్నారు. నాలుగు రోజులు తిరక్కముందే, 8న, కువైట్‌ను ఇరాక్‌లో కలిపేశామన్నారు. 28కల్లా అది ఇరాక్‌కు 19వ రాష్ట్రం. మొన్నటి మాట ఏమైందంటే దాని ఊసే ఉండదు. బయటేమో బకాలా (కిరాణా కొట్టు) షట్టర్లు పగిలి ఉన్నాయి, ఖుబూస్ (అక్కడి రొట్టె) కోసం తెల్లారకముందే క్యూ.

నాకు బాగా గుర్తున్నది ఆగస్టు 23వ తేదీ. బందీలుగా పట్టుకున్న ఇంగ్లీషువాళ్లతో సద్దాం మాట్లాడుతున్నట్టు చూపించారు. బందీలనరు, అతిథులంటారు. ఆ రోజు యూనిఫారం తీసేసి సూటులో వచ్చాడు. ఐదేళ్ల పిల్లాణ్ణి దగ్గరికి పిలిచి, తల నిమిరి, పాలు తాగుతున్నావా అని దుబాసీతో అడిగించాడు. ఆ పిల్లాడు చేతులు కట్టుకుని బిగుసుకుపోయాడు. మా బాబా వాళ్లమ్మ, పెద్ద ముసలామె, ఏమీ అనకుండా మనవణ్ణి లాగి ఒళ్లో కూర్చోబెట్టుకుంది.

సెప్టెంబరులో బాగ్దాద్ మీదుగా బస్సులో జోర్డాన్ దేశంలోని అమ్మాన్ చేరి, ఎయిర్ ఇండియాలో బొంబాయిలో దిగాను. అట్లా తిరిగొచ్చిన మనదేశపోళ్లు లక్షా డెబ్బై వేల మంది దాకా ఉంటారు.

కడపకొచ్చిన రెండోరోజు ఏడురోడ్ల దగ్గర టీ తాగుతుంటే మా వీధాయన ఒకరు కలిశాడు. "ఏమబ్బా, సద్దాం ఆ పిల్లోనితో ఎంత బాగా మాట్లాడినాడు! పేపరోళ్లే ఊరికే ఏదేదో రాస్తాండారు" అన్నాడు. ఆయన చూసింది వార్తల్లో అరనిమిషం ముక్క.

"ఆ పిల్లోడు చేతులు ఎట్ల పెట్టుకున్నాడో చూసినావా మామా?"

"చేతులా? అది చూళ్లేదే" అని, నా టీకి కూడా ఆయనే డబ్బులిచ్చాడు.