'మంచు కోత' రాసిన అమ్మాయికి

ట్రాయ్, మిషిగన్

అమ్మాయీ,

నువ్వు పంపిన వ్యాసం అందింది. ఫోన్‌లో చదవడం నా కళ్లవల్ల కాదని మావాడు కాగితాల మీద తీసి ఇచ్చాడు. రెండుసార్లు చదివాను. రెండోసారి ఎర్ర పెన్ను పట్టుకున్నాను. పాతికేళ్లు హైస్కూల్లో ఫిజిక్స్ చెప్పిన చెయ్యి, ఊరుకోదు.

మార్చి నెలాఖరులో, సూ లాకులు, అంటే సుపీరియర్, హ్యూరన్ సరస్సుల మధ్య ఓడల్ని ఎత్తి దించే నీటి గేట్లు, తెరిచే రోజు చూడాలని నోవై నుంచి అంత దూరం కారు నడుపుకుంటూ వెళ్లావు చూడు, అది నాకు నచ్చింది. మన వాళ్లు చాలామంది అటువైపు వెళ్తే వేసవిలో మాకినా ఐలాండ్‌కి వెళ్లి ఫడ్జ్ మిఠాయి కొనుక్కుని వచ్చేస్తారు. జనవరి 15న లాకులు మూసేసి మార్చి 25న తెరుస్తారని, ఆ తెరిచే ముందు వారాల్లోనే నది మీద గడ్డకట్టిన మంచు విరిచి దారి చేసే కోస్ట్ గార్డ్ చిన్న ఓడలకు అసలు పని అని నీకు తెలుసు. తెలిసి రాశావు. సంతోషం.

ఇక ఎర్ర పెన్ను సంగతి.

మొదటి వాక్యంలోనే ఆగిపోయాను. 'హంసలా తెల్లని ఓడ మంచును కోసుకుంటూ సాగిపోయింది' అన్నావు. నువ్వు చూసింది కాట్మై బే అనే ఓడ అని తర్వాత నువ్వే రాశావు. ఆ 140 అడుగుల తరగతి ఓడల పొట్ట నలుపమ్మా. పైన గదులు తెలుపు, ముందువైపు ఏటవాలుగా ఎర్ర పట్టీ. హంస కాదు, బురదలోకి దిగిన గేదె. నీ ఫొటోలోనే నల్లగా ఉంది! కళ్లు చూసినదాన్ని చెయ్యి రాయలేదు. హంస అనే మాట ముందే సిద్ధంగా ఉంది, అది వచ్చి కూర్చుంది.

అంతకన్నా పెద్ద తప్పు 'కోసుకుంటూ'. వ్యాసం పేరు కూడా 'మంచు కోత' అనే పెట్టావు కాబట్టి ఇది కొంచెం ఎక్కువగా చెప్పాలి. ఈ ఓడ దేన్నీ కొయ్యదు. దాని మొన కత్తిలా నిటారుగా నీళ్లలోకి దిగదు, వెనక్కి ఏటవాలుగా జారుతుంది. ఓడ ముందుకు వచ్చి మంచుపలక మీదకి ముక్కు ఎక్కిస్తుంది. ఎక్కి కూర్చుంటుంది. ఆ బరువుకి పలక కిందికి వంగి విరుగుతుంది. క్లాసులో దీన్ని సుద్దముక్కతో చూపించేవాణ్ణి. సుద్దముక్కను రెండు చివరలా పట్టుకుని ఎంత నొక్కినా ఏమీ కాదు. కాస్త వంచితే పుటుక్కుమంటుంది. గడ్డకట్టిన నీరూ అంతే, నొక్కుడుకి ఓర్చుకుంటుంది, వంపుకి ఓర్చుకోదు. ఓడ రూపమంతా ఈ ఒక్క సంగతి మీద కట్టిందే. నువ్వు 'కోసింది' అని రాసిన క్షణం పాఠకుడి మనసులో ఇంకో ఓడ తయారవుతుంది, పదునైన ముక్కు ఉన్నది. తర్వాత నువ్వు ఎన్ని అంకెలు చెప్పినా ఆ తప్పు ఓడకే తగిలించుకుంటాడు. అందుకే, క్రియ దొరికేదాకా రెండో వాక్యం రాయకు. 'ఎక్కి కూర్చుంది' అని రాసి చూడు. కవిత్వం తగ్గిందనిపిస్తుంది. తగ్గనీ.

మరి మంచు మరీ మందంగా ఉంటే? ఎక్కినా విరగదు. అప్పుడు వెనక్కి వెళ్లి, ఊపు తీసుకుని వచ్చి గుద్దాలి. పొట్టేలు వెనక్కి తగ్గినట్టు. ఈ వెనక్కి వెళ్లడంలోనే ప్రమాదం ఉంది, దాన్ని నువ్వు వదిలేశావు. ఓడని తోసే పంకా (ప్రొపెల్లర్) ఒకటే, ఆ వెనకే చుక్కాని. వెనక్కి నడిపేటప్పుడు చుక్కానిని సరిగ్గా మధ్యలో ఉంచాలి. పక్కకి తిరిగి ఉంటే, పెద్ద గడ్డ తగిలి చుక్కాని పాడయిందంటే ఓడ నడిమంచులో ఉండిపోతుంది. ముందుకి గుద్దడం అందరికీ కనిపిస్తుంది. వెనక్కి వెళ్లేటప్పుడు చుక్కాని పట్టుకున్నవాడి మొహం ఎలా ఉంటుందో అది రాయాలి.

అంకెల దగ్గర జాగ్రత్త. 20 అంగుళాల మంచులో 3 నాట్ల వేగంతో ఆగకుండా వెళ్లగలదని సరిగ్గానే రాశావు. నా సంగతి చెప్పనా? చాలా ఏళ్ల క్రితం ఇదే విషయం మీద నేను రాసిన వ్యాసంలో 20 అడుగులు అని పడింది. అచ్చుతప్పు అని అందరికీ చెప్పుకున్నాను గానీ, నా చేతిరాత ప్రతి తీసి చూసుకుంటే నేనే అలా రాశాను. ఓడల్లో పనిచేసి రిటైరైన ఒక పాఠకుడు పత్రికకి ఉత్తరం రాశాడు: 'మాస్టారూ, మీ ఓడ ఉత్తర ధ్రువం దాటి చంద్రుడి మీదకి కూడా వెళ్తుంది' అని. ఇప్పటికీ తలుచుకుంటే చెవులు వేడెక్కుతాయి. ఆనాటి నుంచి ప్రతి అంకెనీ ఒంటితో కొలిచి రాస్తాను. 20 అంగుళాలంటే మోకాలెత్తు. 3 నాట్లంటే మనిషి చురుగ్గా నడిచే వేగం. ఓడ మునిగే లోతు 12 అడుగులు, అంటే రెండు నిలువుల నీళ్లు. ఇలా కొలిస్తే అడుగులూ అంగుళాలూ తారుమారు కావు.

'లైట్ ఐస్‌బ్రేకర్' అంటే మంచు విరిచే ఓడల్లో తేలికపాటిది, ఆ రెండు నిలువుల లోతే దాని బలం. నువ్వు 'చిన్నదైనా గొప్పది' అని జాలిపడుతున్నట్టు రాశావు. జాలి ఎందుకు? అంటార్కిటికా వెళ్లే పెద్ద మంచు ఓడ పోలార్ స్టార్ పొడవు 399 అడుగులు, బరువు 13 వేల టన్నుల పైమాట, 6 అడుగుల మంచులో ఆగకుండా నడుస్తుంది. కాట్మై బే బరువు 662 టన్నులు, ఇంజిన్ బలం 2500 హార్స్‌పవర్, మనుషులు 17 మంది. కానీ పోలార్ స్టార్‌ని సూ లాకులున్న సెయింట్ మేరీస్ నది మలుపుల్లోకి తెచ్చి తిప్పమను చూద్దాం. న్యూయార్క్ వైపు హడ్సన్ నదిలో ఇళ్ల వేడికి నూనె తెచ్చే బార్జీల ముందు నడవాలన్నా, రేవులో ఓడ పక్కకి ఒరుసుకుని వెళ్లాలన్నా ఈ చిన్నదే కావాలి. 1936 డిసెంబరులో అధ్యక్షుడు రూజ్‌వెల్ట్ ఇచ్చిన ఉత్తర్వు 7521 కోస్ట్ గార్డ్‌కి అప్పజెప్పిన పని కూడా ఇదే: వాణిజ్యానికి సమంజసంగా అవసరమైన మేరకు రేవులూ కాలువలూ తెరిచి ఉంచడం.

ఓడ వదిలే గాలి బుడగల సంగతి ఒక్క ముక్కలో తేల్చేశావు. 'ఆధునిక సాంకేతికత' అనేశావు, ఆ మాట కనపడితే నా పెన్ను దానంతట అదే కొట్టేస్తుంది. నీటిమట్టానికి కింద, ఓడ పక్కల రంధ్రాల్లోంచి గాలి ఊదుతారు. బుడగలు నీళ్లని తోడుకుంటూ పైకి వస్తాయి, మంచుకీ ఇనుముకీ మధ్య తడి పొర ఏర్పడుతుంది, రాపిడి తగ్గుతుంది. మంచుగడ్డ మీద కొత్తగా హిమం కురిసిందా, ఇక ఓడకి జిగురు పట్టినట్టే. మీ అమ్మ దోసె పోసే ముందు సగం ఉల్లిపాయని నూనెలో ముంచి పెనం మీద రుద్దుతుంది కదా, ఆ పనే ఈ గాలి చేసేది. 1970ల చివర టకోమాలో ఈ ఓడలు కట్టడం మొదలుపెట్టారు, కాట్మై బే 1979లో కొలువులో చేరింది. అలాంటివి మొత్తం 9 కట్టారు. నలభై ఏళ్లు దాటినా, బాల్టిమోర్ యార్డులో మరమ్మతులు చేసి ఆయుష్షు పొడిగించి ఇంకా నడుపుతూనే ఉన్నారు.

నీ వ్యాసంలో నాకు నిజంగా ఇబ్బంది అనిపించింది ఇంకొకటి. నాలుగు పేజీల్లో 'మంచు' అనే మాట యాభైసార్లు వచ్చింది. అది నీ తప్పు కాదు, మన భాష పుట్టిన చోటు అలాంటిది. తెల్లారి గడ్డి మీద పడేదీ మంచే, సంక్రాంతి ముందు రోడ్డు కనపడనివ్వనిదీ మంచే, ఆకాశం నుంచి రాలేదీ మంచే, నది మీద గడ్డకట్టేదీ మంచే. మనకి అది చాలు. నదిలో ఓడ నడిపేవాడికి చాలదు. పలకగా ఉన్నదానికీ, ఓడలు తిరిగి తిరిగి ముక్కలైనదానికీ, గాలి తోసి గుట్టలు పెట్టినదానికీ వాళ్ల దగ్గర వేరే వేరే పేర్లున్నాయి. నువ్వూ పెట్టుకో. పలక, తునకలు, గట్టు. కొత్త మాటలు పుట్టించక్కర్లేదు, ఉన్నవాటినే ఒక్కోదానికి ఒక్కోటి కేటాయించి చివరిదాకా మార్చకుండా వాడు.

అలా వాడితే నీ మూడో పేజీలోని తప్పు నీకే కనిపిస్తుంది. 'ఒకసారి దారి పడ్డాక ఇక చింత లేదు' అన్నావు. చింత అక్కడే మొదలు. వానలో బండ్లు తిరిగి తిరిగి తొక్కిన పుంతదారి ఎండాక ఎలా ఉంటుందో మీ తాతగారి ఊళ్లో చూసే ఉంటావు. పక్కన దున్నని నేల కన్నా ఆ జాడలే గట్టి. ఇక్కడా అంతే. పగిలిన తునకలు రాత్రి చలికి ఒకదానికొకటి అతుక్కుంటాయి. మళ్లీ పగిలితే మళ్లీ అతుక్కుంటాయి. దారి వెంబడే మందం పెరుగుతుంది. అందుకే రోజూ వెళ్లాలి. వెయ్యి అడుగుల ఖనిజం ఓడ ఆ తునకల్లో ఇరుక్కుంటే, దానిలో ఏడో వంతు పొడవున్న ఈ నల్ల గేదె దాని పక్క నుంచే ఒరుసుకుంటూ వెళ్లి, బిగుసుకున్న గడ్డల పట్టు వదిలిస్తుంది. పెద్ద ఓడలో ఉన్నది చిన్న గోళీలంత ఇనుప ఖనిజం గుళికలు, వాటి పేరే ఈ పనికి పెట్టారు, ఆపరేషన్ టాకొనైట్ అని. కిరండూల్ రైళ్లలో వచ్చే ఖనిజం చూస్తూ పెరిగిన విశాఖ పిల్లవి, ఆ గుళికల దగ్గర నువ్వు ఒక పేరా అయినా ఆగుతావనుకున్నాను. ఆగలేదు.

ఇంకో వైపు కూడా చూడు. ఒడ్డున ఉన్న సెయింట్ ఇగ్నస్ ఊరి నుంచి మాకినా ఐలాండ్‌కి, చలి బాగా పట్టిన ఏడు, సరస్సు మీదే దారి పడుతుంది. క్రిస్మస్ అయిపోయాక పారేసే చెట్లని ద్వీపంవాళ్లు తెచ్చి ఆ మంచు మీద వరుసగా పాతి దారి గుర్తు పెట్టుకుంటారు, స్నోమొబైల్ మీద వచ్చేవాడు తప్పిపోకుండా. ఓడ దారి కావాలంటే పలక విరగాలి. వీళ్ల దారి ఉండాలంటే పలక విరక్కూడదు. సూ దగ్గర షుగర్ ఐలాండ్‌వాళ్లకి ఇంకో బాధ: నది ఎగువన విరిగిన తునకలు కొట్టుకొచ్చి వాళ్ల ఫెర్రీకి అడ్డం పడతాయి. ఓడని మెచ్చుకుంటూ నాలుగు పేజీలు రాసిన దానివి, ఒడ్డున ఫెర్రీ కోసం నిలబడ్డ మనిషిని ఒక్కసారైనా అడగాల్సింది, 'మీకెలా ఉంది?' అని. నువ్వు ఆ ఫెర్రీ పక్కనే కారు ఆపి ఫొటో తీసుకున్నావు కదా!

చివరి పేరా, 'మానవ సంకల్పానికి ప్రతీక' అన్నది, పూర్తిగా కొట్టేశాను. దాని ముందు వాక్యం, లాకు గేటు తెరుచుకుంటుంటే చేతి తొడుగులు లేక నువ్వు వేళ్లు చంకల్లో పెట్టుకున్నావన్నది, అక్కడ ఆగిపో. అది నువ్వు చూసింది.

చలికాలం రాకముందు ఈ ఓడలు చేసే పని ఇంకోటి ఉంది. వీటిలో రెండు, మొబైల్ బే, బ్రిస్టల్ బే, 120 అడుగుల బార్జీ వెంట పెట్టుకుని తిరుగుతాయి. మంచు పట్టకముందే నీళ్లలో ఓడలకి దారి చూపే తేలుగుర్తుల్లో, అంటే బోయాల్లో, వేసవివాటిని పీకి, చలికి ఓర్చేవి వేస్తాయి. బ్రిస్టల్ బే ఉండేది డెట్రాయిట్‌లోనే, మనకి ముప్పావు గంట. ఈ శరదృతువులో ఒక శనివారం వెళదాం. కారు నీది, ఫ్లాస్కు నాది. థర్మల్ సాక్సులు రెండు జతలు తెచ్చుకో, ఒకటి నాకు. ఈలోగా వ్యాసం తిరగరాసి పంపు, కాగితం మీద, అక్షరం కాస్త పెద్దది పెట్టి. పేరు మాత్రం మార్చు.

ఆశీస్సులతో,
మీ మాస్టారు