రెండో ప్రపంచ యుద్ధం తర్వాత ప్రజానాట్యమండలి ఎందుకు చెదిరిపోయింది?

ఆసక్తి సన్నగిల్లి చెదిరిపోయిందని కొందరు అంటారు. నేను ఒప్పుకోను. అది అణచివేత ఫలితం.

1943లో కమ్యూనిస్టుల అండతో పుట్టిన ఈ నాటక, జానపద కళల సంస్థకు గరికపాటి రాజారావు ప్రధాన సారథి. యుద్ధకాలంలో ఫాసిజం, కరువు, దొంగనిల్వలు దాని వస్తువులు. యుద్ధం ముగిశాక చూపు భూమి మీదికి మళ్లింది. నిజాం రాజ్యంలో రైతుల పోరాటం రాజుకుంటున్న రోజుల్లో సుంకర సత్యనారాయణ, వాసిరెడ్డి భాస్కరరావు రాసిన ‘మాభూమి’ నాటకం అప్పట్లో మద్రాసు ప్రభుత్వం కింద ఉన్న కోస్తా పల్లెల్లో ఆడింది. సరిహద్దు అవతలి దొరల దౌర్జన్యాన్ని ఇవతలి రైతులు రంగస్థలం మీదే చూశారు. నాజర్ బుర్రకథ మరో ఆయుధం: నడుమ కథకుడు తంబురాతో పాడుతుంటే, పక్కన ఒకరు హాస్యం పండిస్తారు, ఇంకొకరు రాజకీయం చురకవేస్తారు. తెరలు, భారీ సామగ్రి అక్కర్లేదు. ఊరి కూడలి చాలు. పాలకులకు అదే కంటగింపయింది, మరి!

మద్రాసు ప్రభుత్వం ‘మాభూమి’ని నిషేధించింది. 1948 నుంచి కమ్యూనిస్టులపై నిర్బంధం తీవ్రమై, కళాకారులు కొందరు జైళ్లకు, కొందరు అజ్ఞాతంలోకి వెళ్లారు. ప్రదర్శనే నేరమైనప్పుడు మండలి నాటక దళాలు ఎలా నిలుస్తాయి?

పొట్ట గడవాలి కనుక చాలామంది మద్రాసు సినిమా బాట పట్టారు. రాజారావు 1953లో ‘పుట్టిల్లు’ తీశారు. జమున, అల్లు రామలింగయ్య అందులోనే తెరకు పరిచయమయ్యారు. మిక్కిలినేని కూడా మండలి నుంచి వచ్చినవారే. ఆ కాలపు తెలుగు సినిమా నటనలో సహజత్వం పెరగడానికి ఈ రాక ఒక కారణమని నా అభిప్రాయం.