మున్సిపాలిటీలో అసలు అధికారం ఎవరిది? చైర్‌పర్సన్‌దా, కమిషనర్‌దా?

మీ వీధి కాలువ పని కావాలంటే ఎవరిని పట్టుకోవాలని మీరు అడిగారు కదా, ముందు ఈ ప్రశ్న తేలాలి. దీనికి చట్టం చదివి జవాబు చెప్పేవాళ్లు చాలామంది ఉంటారు. నేను చూసింది చెప్తాను. 2014 నుంచి 2019 దాకా కోస్తాలో ఒక మున్సిపాలిటీలో వార్డు కౌన్సిలర్‌గా చేశాను. ఊరి పేరు అక్కర్లేదు. అధికారం కమిషనర్‌దే. ఇంకా సూటిగా చెప్పాలంటే, ఫైలు ఎవరి బల్ల మీద ఉంటే ఆ రోజుకు అధికారం వాళ్లది.

మా వార్డులో ఎలిమెంటరీ స్కూలు పక్కన ఒక మురుగుకాలువ ఉండేది. దాని మీది కల్వర్టు సగం కూలిపోయి ఇనప చువ్వలు బయటికి తేలాయి. గట్టి వాన పడితే చెత్తంతా అక్కడ అడ్డం పడి, నీళ్లు ఎగదన్ని వెనక వీధి ఇళ్లలోకి వచ్చేవి. ఆ వీధి మొదట్లో ఇడ్లీలు వేసి అమ్ముకునే పెద్దావిడ ఒకరు ఉండేవారు. ఆమె వంటింటి గోడ మీద నీళ్లు నిలిచిన చార నల్లగా, నేలకు మూరెడు ఎత్తున కనపడేది. నేను గెలిచిన వారానికే పిలిచి ఆ చార మీద వేలు పెట్టి చూపించింది. "బాబూ, ఓటు నీకేశాం. ఇది నువ్వే చూడాల" అంది.

మున్సిపాలిటీ అసిస్టెంట్ ఇంజనీరు, అంటే ఏఈ గారిని తీసుకొచ్చాను. టేపు పట్టి కొలిచి ఎస్టిమేట్ వేశారు. దాని మీద పై ఇంజనీర్లు డీఈ సంతకం, తర్వాత ఎంఈ సంతకం. రెండు నెలలకు కౌన్సిల్ అజెండాలోకి ఎక్కింది. ఆ రోజు అజెండాలో 50కి పైగా అంశాలున్నాయి. ఒక్కో అంశం చదవడం, "ఆమోదం, ఆమోదం" అంటూ బల్లలు చరచడం, తర్వాతి దానికి పోవడం. మా కల్వర్టు వచ్చేసరికి లేచి నిలబడి, పిల్లలు ఆ చువ్వల పక్కనుంచే బడికి వెళ్తున్నారని చెప్పాను. ఏ పార్టీ వాళ్లూ అడ్డు చెప్పలేదు. "ఏకగ్రీవంగా ఆమోదించడమైనది" అని తీర్మానాల పుస్తకంలో రాశారు. ఆ సాయంత్రమే వెళ్లి పెద్దావిడకు చెప్పాను, ఇక పని అయిపోయినట్టేనని.

కాలేదు. మొదటిసారి టెండరు పిలిస్తే ఒక్కరూ వేయలేదు. పాత బిల్లులే రాలేదు, కొత్త పని ఎవరు చేస్తారని కాంట్రాక్టర్ల మాట. రెండోసారి పిలిచేలోపు కమిషనర్‌కు బదిలీ అయింది. కొత్తగా వచ్చినాయన మర్యాదస్తుడే. "జనరల్ ఫండ్‌లో (మున్సిపాలిటీ సొంత ఖాతాలో) డబ్బు లేదండీ, ముందు జీతాలు, కరెంటు బిల్లులు చూడాలి" అని చెప్పి, ఫైలు మీద "నిధుల లభ్యతను బట్టి పరిశీలించవచ్చు" అని రాశారు. అంతే. 30 మందికి పైగా కౌన్సిలర్లు ఒప్పుకున్న పనిని ఒక్క వాక్యం ఆపేసింది. చైర్‌పర్సన్ గారి దగ్గరకు వెళ్తే "నేనూ చెప్పానండీ, వినట్లేదు" అన్నారు. ఆమె నిజమే చెప్పారు. చెప్పడం వరకే ఆమె చేతిలో ఉంది. కమిషనర్‌ను పంపేది, బదిలీ చేసేది రాష్ట్ర ప్రభుత్వం. మన తీర్మానాన్ని నిలిపేసే, రద్దు చేసే అధికారం కూడా ప్రభుత్వానికి 1965 నాటి మున్సిపాలిటీల చట్టంలోనే ఉంది. మా ఐదేళ్లలో నలుగురు కమిషనర్లు మారారు. ఎవరికైనా మా వార్డు వీధులు తెలిసేసరికి బదిలీ ఆర్డరు వచ్చేది.

చివరికి కేంద్రం ఇచ్చే 14వ ఆర్థిక సంఘం నిధులు వచ్చినప్పుడు పట్టుబట్టి అందులో పెట్టించాను. తీర్మానం అయిన ఏడాదిన్నరకు కల్వర్టు లేచింది. ఈలోపు రెండు వానాకాలాలు వెళ్లాయి. గోడ మీద పాత చార పైన ఇంకో చార పడింది. ఆ ఏడాదిన్నరలో పెద్దావిడ నన్నే అడిగింది, నన్నే తిట్టింది. కమిషనర్ ఎవరో ఆమెకు తెలియదు. ఓటు వేసినవాణ్ణి అడగడం ఆమె హక్కు. కానీ ఆమె అడిగినదానికి జవాబు చెప్పగలిగినవాడు ఆమె ఓటుతో వచ్చినవాడు కాదు. నా బాధ అంతా ఇదే.

పైగా ఊళ్లో ప్రతిదీ ముక్కలు ముక్కలు. వీధిలైటు వెలగకపోతే కౌన్సిలర్‌కు ఫోను వస్తుంది. స్తంభం కరెంటోళ్లది, దానికి ఉన్న లైటు మాది. మెయిన్ రోడ్డు ఆర్ అండ్ బీ (రోడ్లు, భవనాల శాఖ) వాళ్లది, దాని పక్క కాలువ ఎవరిదో తేల్చడానికే ఒక మీటింగు. పంట కాలువ అయితే జలవనరుల శాఖ. 2019 చివర్లో వార్డు సచివాలయాలు వచ్చాయి, మంచిదే, శానిటేషన్‌కు ఒకరు, ప్లానింగ్‌కు ఒకరు అని వార్డులోనే మనుషులున్నారు. కానీ వాళ్లు కమిషనర్‌కు జవాబు చెప్పాలి, ఆ వార్డు గెలిపించిన కౌన్సిలర్‌కు కాదు.

ఇంకో మాట కూడా చెప్పాలి. సీట్లలో సగం ఆడవాళ్లకు ఇచ్చారు, ఎంతో మంచి పని. కానీ కౌన్సిలర్ భర్త వచ్చి ఏఈ ఎదుట కుర్చీలో కూర్చుని పనులు మాట్లాడటం, అధికారులు కూడా ఆయన్నే "సార్" అనడం నాకు ఎప్పుడూ మింగుడు పడలేదు. మా పక్క వార్డు ఆవిడ తన అజెండా అంశం తనే చదివి, తనే వాదించేది. అధికారులు ఆమెకు భయపడేవారు. అలాంటివాళ్లు ఇంకా కావాలి.

మా అమ్మాయి టెక్సాస్‌లో ఫ్రిస్కోలో ఉంటుంది. అక్కడికి వెళ్లినప్పుడు మా అల్లుడు చెప్తే తెలిసింది, అక్కడ రోజువారీ పనులన్నీ చూసే సిటీ మేనేజర్‌ను ఊళ్లోవాళ్లు ఎన్నుకున్న కౌన్సిలే నియమించుకుంటుంది. పని నచ్చకపోతే తీసేస్తుంది. ఒహాయోలో డేటన్ అనే నగరం 1913లో వరదలో మునిగిపోయాక ఈ పద్ధతికి మారిందట. నాకు వెంటనే మా కాలువే గుర్తొచ్చింది. అక్కడ మన జిల్లా లాంటి కౌంటీలో పోలీసు అధికారి అయిన షెరీఫ్‌ను కూడా ఓట్లేసి ఎన్నుకుంటారు. మన జిల్లాకు జిల్లా పరిషత్ చైర్మన్ ఉన్నా, జిల్లా అనగానే జనం తలిచేది కలెక్టర్‌నే. అమెరికా పద్ధతి అంతా మనకు పనికొస్తుందని నేను అనను. కానీ కమిషనర్ పనితీరు మీద కౌన్సిల్ రాసే రిపోర్టుకు విలువ ఉండాలి. ఆ ఒక్కటి ఇస్తే చాలు, సగం ఫైళ్లు వాటంతటవే కదులుతాయి. దీంట్లో నాకు అనుమానమే లేదు.

అసలు కౌన్సిలే లేని ఏళ్లు ఎన్ని! మున్సిపాలిటీలకు రాజ్యాంగంలో చోటిచ్చిన 74వ రాజ్యాంగ సవరణ 1993 జూన్ 1 నుంచి అమల్లో ఉంది. కౌన్సిల్ గడువు ముగిసేలోపే ఎన్నికలు జరగాలని అందులో రాసి ఉంది. మన దగ్గర 2010లో గడువు ముగిస్తే 2014 దాకా ఎన్నికైనవాళ్లు లేకుండా ప్రభుత్వం పెట్టిన ప్రత్యేకాధికారుల పాలన. మా కౌన్సిల్ 2019 జూలైలో దిగిపోతే మళ్లీ ఎన్నికలు 2021 మార్చిలో. ఆ రోజుల్లో కూడా జనం మా ఇళ్లకే వచ్చేవారు. మాజీ అని చెప్తే "అయినా నువ్వు చెప్తే వింటారులే" అనేవారు. ఎవరూ వినేవారు కాదు.

ఇక మీరు అడిగినదానికి వస్తే, మీ వీధి కాలువ సంగతి అన్నారు కాబట్టి చెప్తున్నా. ముందు సోమవారం ఫిర్యాదుల రోజున కమిషనర్‌కే అర్జీ ఇచ్చి రసీదు తీసుకోండి. దాని జిరాక్సు కౌన్సిలర్‌కు ఇచ్చి అజెండాలో పెట్టించండి. ఆమోదం అయిందని ఆయన ఫోన్ చేస్తే సంతోషపడి ఊరుకోకండి. తీర్మానం నంబరు, తేదీ అడిగి రాసుకోండి. నెల తర్వాత ఆ నంబరుతో వెళ్లి, ఫైలు ఇంజనీరింగ్ సెక్షన్‌లో ఉందా, అకౌంట్స్‌లో ఉందా అని అడగండి. అకౌంట్స్ అన్నారంటే, ఏ నిధుల కింద పెట్టారో కూడా అక్కడే నిలబడి అడగండి.