కారు కబుర్లు: పికప్ పడిపోతే ముందు సెన్సార్ మార్చేయాలా?

ఈసారి వచ్చిన ఉత్తరాల్లో టర్బో గోలే ఎక్కువ, అదే, ఇంజిన్‌లోకి గాలిని ఒత్తిడితో తోసేది. సెలవుల్లో కొండకు ట్రిప్పులు పెరుగుతాయి, ఊళ్లో తిరిగినన్నాళ్లూ కనపడని జబ్బులన్నీ ఘాట్ రోడ్డెక్కగానే బయటపడతాయి. ఐదు ఉత్తరాలు తీసుకున్నాను. మొదటి జవాబు బాగా పొడుగైంది, ఏమనుకోకండి, అందులో చెప్పినవి మిగతావాళ్లకూ పనికొస్తాయి.

అన్నా, తిరుపతిలో టాక్సీ నడుపుతాను. 2017 డీజిల్ బండి, ఏడు సీట్లు. ఫుల్ లోడ్‌తో తిరుమల ఎక్కుతుంటే సగం దారిలో ఉన్నట్టుండి పికప్ పడిపోతుంది, చెక్ ఇంజిన్ లైటు వెలుగుతుంది, ఎంత తొక్కినా 2500 ఆర్‌పీఎం దాటదు. పక్కన ఆపి, తాళం తీసి, రెండు నిమిషాలాగి స్టార్ట్ చేస్తే మళ్లీ బాగానే పోతుంది. కొండ దిగేటప్పుడు మాత్రం ఒక్కసారీ రాలేదు. స్కాన్ చేస్తే పి0299 వచ్చింది. బూస్ట్ సెన్సార్ మార్పించాను, రెండు వారాలకు మళ్లీ అదే. ఇంకోచోట ఇంకో సెన్సార్ వేశారు. ఇప్పుడేమో టర్బోనే మార్చాలంటున్నారు. అప్పు చేసి మార్పించాలా?

అప్పుడే అప్పు చేయకు తమ్ముడూ. రెండు సెన్సార్లకు పెట్టిన డబ్బు ఎటూ పోయింది, మూడో ఖర్చు పెట్టే ముందు ఒక్క పూట నా మాట విని బండి చూడు.

పి0299 అంటే ఇంజిన్ కంప్యూటర్ ఇంత గాలి ఒత్తిడి కావాలని అడిగితే టర్బో అంత ఇవ్వలేకపోయింది అని. ఆ తక్కువ పడిందన్న సంగతి కంప్యూటర్‌కు చెప్పింది ఎవరు? నువ్వు రెండుసార్లు పీకి పారేసిన ఆ సెన్సారే. పాపం అది ఉన్నది ఉన్నట్టు చెప్పింది. అత్త మీద కోపం దుత్త మీద చూపినట్టు దాన్ని మార్చేశారు. సెన్సార్‌ది గానీ దాని వైరుది గానీ తప్పయితే మామూలుగా పి0236, పి0237, పి0238 లాంటి కోడ్‌లు వస్తాయి. అలాగని పి0299 వచ్చినప్పుడు సెన్సార్‌ను అసలు అనుమానించకూడదని కాదు, వరసలో అది చివర నిలబడాలి అంతే.

తాళం తీసి పెడితే బాగైపోతోంది కాబట్టి ఇది కరెంటు జబ్బే అని నీకు ఎవరో చెప్పే ఉంటారు. చాలామంది మెకానిక్‌లు ఇదే అనుకుంటారు. అది నిజం కాదు. తేడా కనపడగానే టర్బోను కాపాడుకోవడానికి కంప్యూటర్ ఇంజిన్ బలాన్ని తగ్గించేస్తుంది, దాన్నే లింప్ మోడ్ అంటాం. చాలా బండ్లలో తాళం తీసి మళ్లీ ఆన్ చేస్తే అది మొదటినుంచి లెక్క చూసుకుంటుంది, మళ్లీ లోడ్ పడి తేడా దొరికేదాకా మామూలుగా నడవనిస్తుంది. గొట్టం చిరిగినా ఇలాగే జరుగుతుంది. దిగేటప్పుడు రాకపోవడం కూడా అందుకే. మొదటి ఘాట్ రోడ్డులో దిగుతున్నప్పుడు యాక్సిలరేటర్ మీద కాలే ఉండదు, టర్బోను గాలి అడిగే పనే లేదు. రెండో ఘాట్ రోడ్డులో ఏడుగురు మనుషులు, వాళ్ల సంచులతో ఎక్కేటప్పుడే అసలు పరీక్ష.

ముందు చూడాల్సింది గొట్టాలు. టర్బో నుంచి గాలిని చల్లబరిచే ఇంటర్‌కూలర్‌కు ఒకటి, అక్కడి నుంచి ఇంజిన్‌కు ఒకటి లావుపాటి రబ్బరు గొట్టాలుంటాయి. ఇవి పైకి బాగానే కనపడుతూ క్లిప్పు కింద, లేదా వంపు అడుగున చీలి ఉంటాయి. ఇంజిన్ ఐడిల్‌లో ఉంటే ఆ చీలిక మూసుకునే ఉంటుంది, ఒత్తిడి పెరిగితేనే నోరు తెరుస్తుంది. కాబట్టి బానెట్ ఎత్తి చూసి బాగుంది అనేస్తే సరిపోదు. ఇంజిన్ చల్లారాక చేత్తో పట్టుకుని వంచి, మెలిపెట్టి చూడాలి. లోపల పల్చగా నూనె తడి ఉండటం మామూలే, కానీ బయట ఒకచోట మాత్రమే జిడ్డుగా మట్టి పట్టి ఉంటే గాలి అక్కడే తప్పించుకుంటోందని అనుమానించు. ఎక్కేటప్పుడు ఎప్పుడూ లేని ఉస్స్‌మనే చప్పుడు, దానితో పాటు నల్లపొగ కనపడితే ఆ అనుమానం ఇంకా గట్టిపడుతుంది. స్మోక్ టెస్ట్ (గొట్టాల్లోకి పొగ పంపి లీకు పట్టుకోవడం) చేసే వర్క్‌షాపు దొరికితే పది నిమిషాల్లో తేలిపోతుంది. ఎయిర్ ఫిల్టర్ కూడా ఒకసారి తీసి చూడు, ఇది చెప్పడం సిగ్గుగానే ఉంది కానీ టాక్సీల్లో అది మార్చి ఎన్నాళ్లయిందో ఓనర్‌కే గుర్తుండదు.

గొట్టాలు బాగుంటే టర్బో పక్కనున్న యాక్చుయేటర్ సంగతి. నీ బండిలో టర్బో లోపల రెక్కలు తెరుచుకుని మూసుకునే రకమైతే, వాటిని ఒక కడ్డీ కదుపుతుంది. ఆ కడ్డీని చాలా బండ్లలో వ్యాక్యూమ్ (గాలి తోడేస్తే పుట్టే లాగుడు) లాగుతుంది, కొన్నిటిలో మోటారు. వ్యాక్యూమ్ రకానికి పెన్సిల్ అంత సన్నటి గొట్టాలు పోతాయి, ఇంజిన్ వేడికి అవి ఎండి చివర్లు చీలిపోతాయి. కొన ఒక అంగుళం కత్తిరించి మళ్లీ తొడిగితే పనైపోయిన బండ్లున్నాయి. గొట్టం బాగుంటే చేతి వ్యాక్యూమ్ పంపు పెట్టి లాగాలి. కడ్డీ ఆగకుండా మెత్తగా చివరిదాకా కదలాలి, పంపు ఆపాక అలాగే నిలబడాలి. మెల్లగా జారిపోతే యాక్చుయేటర్ లోపలి రబ్బరు పొర, అంటే డయాఫ్రమ్, చిరిగింది. మధ్యలో పట్టేసి, తర్వాత టక్కున దూకితే లోపల రెక్కలకు మసి పట్టింది. బస్టాండు దగ్గర ఏసీ వేసి గంటలకొద్దీ ఐడిల్‌లో ఉంచే బండ్లకు ఈ మసి జబ్బు తొందరగా వస్తుంది. ఇక్కడ కూడా టర్బో మొత్తం మార్చనక్కర్లేదు, విప్పి శుభ్రం చేసేవాళ్లున్నారు. టర్బో మధ్యలో తిరిగే షాఫ్టును వేలితో పట్టుకుంటే ఊగిపోతూ రెక్క గోడకు తగులుతుంటే మాత్రం ఇక టర్బో మార్చక తప్పదు.

ఇవన్నీ అయ్యాకే స్కానర్. పక్కన ఇంకొకరిని కూర్చోబెట్టుకుని (నువ్వు ఫోన్ చూడొద్దు, ఘాట్ రోడ్డులో ఈ ప్రయోగం అసలే వద్దు) చంద్రగిరి వైపు ఖాళీ రోడ్డు మీద మూడో గేరులో 1500 నుంచి 3000 ఆర్‌పీఎం దాకా నిండా తొక్కు. కంప్యూటర్ అడిగిన ప్రెషర్, సెన్సార్ చూపిన ప్రెషర్ రెండూ రికార్డు చేయించు. రెండు గీతలూ ఒకదాన్నొకటి పట్టుకుని పైకి పోతే అంతా బాగున్నట్టే. సెన్సార్ గీత మొదటినుంచీ కిందే ఈడ్చుకుంటూ వస్తే లీకో, రెక్కలో. అడిగిన దాన్ని దాటి పైకెగిరి తర్వాత కుప్పకూలితే రెక్కలు పట్టేస్తున్నాయి. ఇక గీత రెప్పపాటులో సున్నాకో, ఆకాశానికో దూకి మళ్లీ వెనక్కి వస్తుంటే, అప్పుడు సెన్సార్‌నో వైరునో పట్టుకో. గాలి ఒత్తిడి ఎంత వేగంగా మారినా దానికి కాస్త టైమ్ పడుతుంది, అలా దూకేది కరెంటు ఒక్కటే. చౌక బ్లూటూత్ స్కానర్లలో కొన్ని కార్లకు అడిగిన ప్రెషర్ కనపడదు, దానికి పెద్ద స్కానర్ ఉన్నచోటికే వెళ్లాలి.

నమస్తే సార్, మాది పలమనేరు. పెట్రోల్ టర్బో కారు. ఒక చిన్న స్కానర్ కొన్నాను. ఇంజిన్ స్టార్ట్ చేయకుండా తాళం మాత్రం ఆన్ చేస్తే ప్రెషర్ 93 చూపిస్తోంది, చిత్తూరులో మా అమ్మావాళ్లింటి దగ్గర 97. స్టార్ట్ చేస్తే 35కు పడిపోతుంది. మా తమ్ముడి డీజిల్ కారులో స్టార్ట్ చేసినా పెద్దగా తగ్గదు. నా సెన్సార్ పోయినట్టేనా?

నిక్షేపంలా ఉందమ్మా. మీ ఉత్తరం చూసి సంతోషమేసింది, ఎందుకంటే మీకు తెలియకుండానే ఆ సెన్సార్‌కు చేయాల్సిన మంచి పరీక్ష చేసేశారు.

ఆ సెన్సార్ చూపేది టర్బో అదనంగా కలిపిన ఒత్తిడి ఒక్కటే అనుకుంటారు చాలామంది, ఇంజిన్ ఆగి ఉంటే సున్నా రావాలి కదా అని కంగారుపడతారు. అది మన చుట్టూ ఉన్న గాలి ఒత్తిడిని కూడా కలిపే చూపిస్తుంది. సముద్రమట్టం దగ్గర అది దాదాపు 101 కిలోపాస్కల్స్. పైకి వెళ్లేకొద్దీ ప్రతి 100 మీటర్లకు ఒకటికి కాస్త ఎక్కువ తగ్గుతుంది. చిత్తూరు కంటే పలమనేరు సుమారు 350 మీటర్లు ఎత్తు, మొగిలి ఘాట్ ఎక్కి వస్తారు కదా, ఆ నాలుగు అంకెల తేడా అదే. తిరుపతివాళ్లు అలిపిరి దగ్గర ఒకసారి, తిరుమలలో బండి పార్క్ చేశాక ఒకసారి తాళం ఆన్ చేసి చూసుకోవచ్చు, ఏడెనిమిది తగ్గాలి. పైనా కిందా ఒకే అంకె చూపిస్తే అప్పుడు అనుమానించాలి. స్కానర్‌లో బయటి గాలి ఒత్తిడి విడిగా వస్తే, ఇంజిన్ ఆగి ఉన్నప్పుడు రెండు అంకెలూ దగ్గరదగ్గరగా ఉన్నాయా అని చూస్తే చాలు.

35 అంటారా, పెట్రోల్ ఇంజిన్‌లో ఐడిల్‌లో గాలి దారికి తలుపులాంటి థ్రాటిల్ దాదాపు మూసుకుని ఉంటుంది, ఇంజిన్ లోపలికి లాగుతుంటుంది, అందుకే ప్రెషర్ పడిపోతుంది. డీజిల్‌లో గాలిని అలా అంతగా కట్టేయరు. తమ్ముడి కారుతో పోల్చకండి.

సార్, బంగారుపాళెం దగ్గర మామిడి తోటలో ఉంటాం. కాయ కోతలప్పుడు డీజిల్ కారు రెండు వారాలు షెడ్డులోనే ఉండిపోయింది. తర్వాత తీస్తే లైటు వచ్చింది, పికప్ లేదు. కోడ్ పి0237. స్కానర్‌లో ప్రెషర్ ఎప్పుడు చూసినా ఒకే అంకె, ఆపినా నడిపినా కదలదు.

తోట, షెడ్డు, రెండు వారాలు. నేనైతే ముందు ఎలుకను అనుమానిస్తాను. పి0237 అంటే సెన్సార్ నుంచి వచ్చే కరెంటు ఉండాల్సిన దానికంటే కిందికి పడిపోయిందని. ఆ కదలని అంకె సెన్సార్‌ది కాకపోవచ్చు, సెన్సార్ మాట నమ్మలేనప్పుడు కంప్యూటర్ తనే ఒక అంకె అనుకుని బండి నడిపిస్తుంది.

సెన్సార్‌కు వైర్లు తగిలించే కప్లర్ పీకి, తాళం ఆన్ చేసి మల్టీమీటర్ పెట్టండి. మూడు వైర్లుంటాయి, గాలి వేడిని కూడా అదే కొలిస్తే నాలుగు. ఒకదానిలో 5 వోల్టులు రావాలి, ఒకటి ఎర్త్, ఒకటి కబురు మోసేది. 5 వోల్టులు రాకపోతే వెంటనే వైరు తెగిందనుకోకండి. ఆ 5 వోల్టుల లైనే వేరే సెన్సార్లకు కూడా పోతుండొచ్చు, వాటిలో ఒకటి షార్ట్ అయితే అందరి కరెంటూ లాగేస్తుంది. వాటి కప్లర్లు ఒక్కొక్కటే తీస్తూ మీటర్ చూస్తుంటే, ఏది తీసినప్పుడు 5 తిరిగొస్తుందో అదే దొంగ. మీ కప్లర్ తీస్తే 5 ఉండి, పెడితే పడిపోతే సెన్సారే లోపల షార్ట్, హాయిగా మార్చేయండి. 5, ఎర్త్ రెండూ బాగుంటే కప్లర్ పెట్టేసి, వెనకనుంచి సన్నటి పిన్ను దూర్చి కబురు వైరు చూడండి. సున్నాకు అతుక్కుపోకుండా మధ్యలో ఏదో ఒక వోల్టేజి ఉండాలి. వైరు తొక్కలోకి సూది గుచ్చే అలవాటు కొందరు ఎలక్ట్రీషియన్లకు ఉంది, ఆ కన్నంలోంచి తేమ దిగి ఏడాదికి అక్కడే పచ్చగా తుప్పు పడుతుంది, చేయనివ్వకండి.

కొరికిన వైరు దొరికితే మెలేసి టేపు చుట్టి వదిలేయొద్దు, ఇంజిన్ వేడికి ఆ జిగురు కారిపోతుంది. టంకం వేసి, వేడికి బిగుసుకునే స్లీవ్ తొడిగించండి. ఎలుకలకు పొగాకు కట్ట కడతారు మనవైపు, నేనూ కట్టాను, కొన్నాళ్లు పనిచేసింది, ఘాటు పోయాక దాని పక్కనే గూడు పెట్టాయి. కడితే సైలెన్సర్ పైపుకు దూరంగా కట్టండి. అన్నిటికంటే, వారానికోసారైనా బండి బయటికి తీయడమే మేలు.

శ్రీకాళహస్తి నుంచి: బూస్ట్ సెన్సార్‌కు మసి పట్టింది. పెట్రోల్ పోసి బ్రష్‌తో కడగొచ్చా?

వద్దు. లోపల ఒత్తిడి కొలిచే పొర చాలా సున్నితం, బ్రష్, పిన్నీసు, కంప్రెసర్ గాలి ఏవీ తగలకూడదు. ఎలక్ట్రికల్ కాంటాక్ట్ క్లీనర్ స్ప్రే కొని, సెన్సార్ మూతిని కిందికి పెట్టి కొట్టండి, మసి కారిపోతుంది. పూర్తిగా ఆరాకే బిగించండి. ఉంగరంలా ఉండే రబ్బరు రింగు గట్టిపడితే కొత్తది వేయండి, లేకపోతే అక్కడే లీకు మొదలవుతుంది. నెల తిరక్కుండానే మళ్లీ మసి పట్టిందంటే పొగను కొంత మళ్లీ ఇంజిన్‌లోకి పంపే ఈజీఆర్ వాల్వ్ చూపించుకోవాలి.

లైటు వెలిగి పికప్ పోయిన బండిని కాణిపాకం నుంచి తిరుపతిదాకా అలాగే నడుపుకుంటూ రావొచ్చా అన్నా?

లైటు మిణుకుమిణుకుమనకుండా నిలకడగా వెలుగుతూ, చప్పుడు మామూలుగా ఉండి, ఇంజిన్ వేడెక్కకుండా, ఆయిల్ ప్రెషర్ లైటు రాకుండా ఉంటే మెల్లగా ఎడమ పక్కనే వచ్చేయొచ్చు, ఓవర్‌టేక్ చేయాలని మాత్రం చూడొద్దు. ఇనుము రాసుకున్నట్టు కీచుమని అరుస్తున్నా, వెనక నీలిపొగ మబ్బులా వస్తున్నా వెంటనే ఆపేసి టోయింగ్‌కు ఫోన్ చేయి. టర్బో సీల్ పోయి ఇంజిన్ ఆయిల్ గాలి దారిలోకి వచ్చిందంటే డీజిల్ ఇంజిన్ ఆ ఆయిల్‌నే తాగి దానంతటదే రేజ్ అవుతుంది, తాళం తీసినా ఆగకపోవచ్చు. అలాంటప్పుడు మాన్యువల్ బండి అయితే బ్రేక్ గట్టిగా తొక్కిపట్టి, పెద్ద గేరులో వేసి, క్లచ్ వదిలి ఇంజిన్‌ను చంపేయాలి. బానెట్ ఎత్తి చూద్దామని ముందుకు మాత్రం పోవద్దు.