జిమ్‌లో చేరేటప్పుడు సంతకం పెట్టేశాను, ఇప్పుడు నష్టపరిహారం అడగొచ్చా?

సందేహం: జిమ్‌లో లాట్ పుల్‌డౌన్ (పైనుండే బార్‌ని కేబుల్ మెషీన్ మీద కిందికి లాగే వ్యాయామం) చేస్తుంటే కేబుల్ తెగి బార్ నా భుజం మీద పడింది, ఎముక విరిగింది. కేబుల్ పోగులు లేస్తున్నాయని నాలుగు రోజుల ముందే ట్రైనర్‌కి చెప్పాను. ఓనర్‌ని అడిగితే 'ఏ గాయానికీ జిమ్‌ది బాధ్యత కాదు' అని నేను చేరేటప్పుడు సంతకం చేసిన ఫారం చూపిస్తున్నాడు. రెండు నెలలు ఫ్రీగా పొడిగిస్తాను, ఇంకో కాగితం మీద సంతకం చేయమంటున్నాడు. ఏం చేయాలి?

జవాబు: ముందు టెన్షన్ తగ్గించుకోండి. సంతకం పెట్టినంత మాత్రాన మీ దారులన్నీ మూసుకుపోలేదు.

వ్యాయామంలో సహజంగా ఉండే ప్రమాదం వేరు, జిమ్ వాళ్ల నిర్లక్ష్యం వేరు. మోయలేని బరువు ఎత్తబోయి మీ కండరం పట్టేస్తే అది మీరు తెలిసి ఒప్పుకున్న ప్రమాదమే, దానికి ఆ ఫారం లేకపోయినా జిమ్‌ని పట్టుకోవడం కష్టం. కానీ మెషీన్ కేబుల్ తెగడం వ్యాయామంలో భాగం కాదు కదా! పైగా పాడైందని తెలిసి కూడా నాలుగు రోజులు ఆ మెషీన్‌ని అలాగే వాడనిచ్చారు. మీ కేసు బలమంతా ఆ నాలుగు రోజుల్లోనే ఉంది.

మీరు ఏ దేశంలో ఉన్నారో రాయలేదు, జవాబు దాన్ని బట్టి మారుతుంది. బ్రిటన్‌లో అయితే ఆ షరతు చెల్లదు: నిర్లక్ష్యం వల్ల జరిగే మరణానికి, శరీర గాయానికి బాధ్యతను ఒప్పందంతో వదిలించుకోవడాన్ని 1977లోనే చట్టం ఆపేసింది, వినియోగదారులకు ఇప్పుడు అదే రక్షణ 2015 కన్స్యూమర్ రైట్స్ యాక్ట్ సెక్షన్ 65లో ఉంది. అమెరికాలో రాష్ట్రానికో తీరు. ఫీజు తీసుకునే జిమ్‌లు రాయించుకునే ఇలాంటి షరతులు చెల్లవని న్యూయార్క్‌లో చట్టమే ఉంది. పక్కనే ఉన్న న్యూజెర్సీలో మాత్రం, స్పిన్ బైక్ (జిమ్‌లో ఒకేచోట ఉండి తొక్కే సైకిల్) హ్యాండిల్ ఊడి పడిపోయిన ఒక సభ్యురాలి కేసులో, మామూలు నిర్లక్ష్యం వరకు ఆ సంతకం చెల్లుతుందని 2010లో ఆ రాష్ట్ర సుప్రీంకోర్టు చెప్పింది. ఆ తీర్పు నాకు ఇప్పటికీ మింగుడు పడదు. అయితే అదే కోర్టు ఘోర నిర్లక్ష్యానికి, అంటే కనీస జాగ్రత్త కూడా తీసుకోకపోవడానికి మాత్రం ఆ రక్షణ ఇవ్వలేదు, కాలిఫోర్నియా సుప్రీంకోర్టు కూడా 2007లో ఇదే మాట అంది. ముందే చెప్పినా పట్టించుకోకపోవడం ఘోర నిర్లక్ష్యమని వాదించడానికి మీకు గట్టి ఆధారం.

ఇండియాలో అయితే, 2019 వినియోగదారుల రక్షణ చట్టంలో 'సేవాలోపం' అన్న మాటకు ఇచ్చిన అర్థంలోనే వినియోగదారుడికి నష్టం, గాయం కలిగించే నిర్లక్ష్యం కూడా ఉంది. ఒకవైపే మేలు చేసే అన్యాయమైన ఒప్పందాల మీద రాష్ట్ర వినియోగదారుల కమిషన్‌కి వెళ్లే వీలు కూడా ఆ చట్టం ఇచ్చింది. ఫిర్యాదుకి గడువు రెండేళ్లు.

మీరు వెంటనే చేయాల్సింది సాక్ష్యం కూడబెట్టడం, ఎందుకంటే తెగిన కేబుల్ రేపో మాపో మార్చేస్తారు, సీసీ కెమెరా ఫుటేజీ మీద కొన్నాళ్లకు కొత్త రికార్డింగ్ పడిపోతుంది, అందుకే ఆ రెండూ భద్రపరచమని ఈ రోజే రాతపూర్వకంగా అడగండి. ట్రైనర్‌కి మీరు చెప్పింది వాట్సాప్‌లో అయితే స్క్రీన్‌షాట్ తీసుకోండి, నోటితో అయితే అప్పుడు పక్కన ఉన్నవాళ్లెవరో గుర్తు చేసుకోండి. ఆసుపత్రి కాగితాల్లో గాయం ఎలా తగిలిందో సరిగ్గా రాశారో లేదో చూడండి. 'కేబుల్ పాడైందని తెలిసీ మీరెందుకు వాడారు?' అని అవతలి లాయర్ తప్పకుండా అడుగుతాడు, అందుకు పరిహారం కొంత తగ్గొచ్చు కూడా, బాగు చేశారనుకున్నారా, ట్రైనరే పర్లేదన్నాడా, జరిగింది జరిగినట్టు ఇప్పుడే రాసి పెట్టుకోండి.

ఇక ఆ రెండో కాగితం. చేరేటప్పుడు పెట్టిన సంతకం కంటే నాకు దీని గురించే ఎక్కువ భయంగా ఉంది. దెబ్బ తగిలాక, నష్టమేంటో తెలిశాక, ఏదో ఒకటి పుచ్చుకుని 'ఇక నాకేమీ రావాల్సింది లేదు' అని రాసిస్తే దాన్ని కోర్టులు రాజీగా చూస్తాయి, దాన్ని తర్వాత తిరగదోడడం చాలా కష్టం. సంతకం చేయకండి, ఆ కాగితం ఫోటో మాత్రం అడిగి తీసుకుని మీ ఊళ్లో లాయర్‌కి చూపించండి.